పాఠకుల ప్రశ్నలు: శిబిరంలో కూర్చుని రాసినవి, ఇంటికొచ్చాక రాసినవి

ప్రశ్న: మా అబ్బాయి వర్జీనియాలో ఉద్యోగం చేస్తున్నాడు. ఈమధ్య వెళ్ళినప్పుడు ఫ్రెడరిక్స్‌బర్గ్ యుద్ధభూమి చూపించాడు. అక్కడి రాతిగోడ చూసినప్పటి నుంచీ అమెరికా అంతర్యుద్ధంలో ఆఫీసర్లుగా పనిచేసినవాళ్ళు స్వయంగా రాసినవి చదవాలనుంది. వాళ్ళ బతుకు ఎలా ఉండేది? వాళ్ళ రాతలు ఎంతవరకు నమ్మవచ్చు?
– రిటైర్డ్ టీచర్, గ్రీమ్స్‌పేట, చిత్తూరు

జవాబు: మాస్టారూ, మీరు చూసిన గోడ దగ్గరి నుంచే మొదలుపెడతాను. 1862 డిసెంబరు 13న, దేశం నుంచి విడిపోయిన బానిస రాష్ట్రాల సైన్యం, అంటే దక్షిణాది సైన్యం, ఆ గోడ వెనక నిలబడి కాలుస్తుంటే ఉత్తరాది సైన్యం బయలు మీద ముందుకు నడిచింది. ఆ రాత్రి ఆ బయల్లోనే పడి ఉండాల్సి వచ్చినవాళ్ళలో జాషువా చాంబర్లేన్ ఒకడు. మెయిన్ అనే రాష్ట్రం నుంచి వచ్చిన 20వ రెజిమెంటులో లెఫ్టినెంట్ కల్నల్. అదే ఏడాది వేసవి దాకా కాలేజీలో పాఠాలు చెప్పుకున్న ప్రొఫెసర్. చచ్చిపోయినవాళ్ళనే తూటాలకు అడ్డం పెట్టుకుని, ఒక శవం కోటు అంచు ముఖం మీదికి లాక్కుని పడుకున్నానని రాశాడు. నేను తిరుపతిలో కాలేజీ పిల్లలకు చరిత్ర చెప్పినదాన్ని. ఒక లెక్చరర్ అలా పడుకున్నాడని చదివితే ఇప్పటికీ మనసు ఒకలాగైపోతుంది.

ఆయన ఒక్కడే కాదు. మొదట్లో చాలా వలంటీరు రెజిమెంట్లలో ఆఫీసర్లను సైనికులే ఓట్లేసి ఎన్నుకునేవారు. వకీళ్ళు, టీచర్లు, దుకాణదారులు కెప్టెన్లయ్యారు. రాత్రి కొవ్వొత్తి పెట్టుకుని డ్రిల్ పుస్తకం చదవడం, పొద్దున అదే పాఠం సైనికుల చేత చేయించడం! జీతం కాగితం మీద బాగానే ఉండేది. ఉత్తరాది పదాతిదళంలో కెప్టెన్‌కు నెలకు 115 డాలర్ల 50 సెంట్లు, మామూలు సైనికుడికి 13 డాలర్లు. కానీ ఆఫీసరు తిండి, యూనిఫాం, కత్తి సొంత డబ్బుతో కొనుక్కోవాలి. జీతమేమో నెలల తరబడి అందేది కాదు. అందుకే వాళ్ళ ఉత్తరాల్లో ఫిరంగుల మోతకంటే అప్పుల గొడవే ఎక్కువ వినిపిస్తుంది.

మా నాయన 1971లో తూర్పు సరిహద్దులో ఉన్నాడు. అప్పుడు మా అమ్మకు రాసిన ఇన్‌ల్యాండు లెటర్లు నా దగ్గరున్నాయి. చెనక్కాయలు ఎంతకమ్మారు, బావిలో నీళ్ళున్నాయా, చిన్నదానికి జ్వరం తగ్గిందా... ఇవే. యుద్ధం మాట రాస్తే సెన్సారు వాళ్ళు ఊరుకోరు. అమెరికా అంతర్యుద్ధంలో సైనికుల ఉత్తరాలకు పద్ధతి ప్రకారం సెన్సారు లేదు. చదువొచ్చినవాళ్ళూ ఎక్కువే. అందువల్ల భయం, విసుగు, పై ఆఫీసర్ల మీద కోపం, అన్నీ ఉన్నదున్నట్టు రాసేశారు. ఆ రాతలు అంత విలువైనవి కావడానికి నాకు తోచిన కారణం ఇదే.

ఇక నమ్మకం సంగతి. ఎప్పుడు రాశారు, ఎవరి కోసం రాశారు అని ముందు చూడండి. ఎలైషా హంట్ రోడ్స్ 1861లో 19 ఏళ్ళ వయసులో 2వ రోడ్ ఐలాండ్ రెజిమెంటులో మామూలు సైనికుడిగా చేరాడు, యుద్ధం ముగిసేసరికి అదే రెజిమెంటును నడిపించాడు. అతని డైరీ చదువుతుంటే రేపేమవుతుందో అతనికి తెలియదు. ఆ తెలియకపోవడమే మనకు కావాలి. అదే రెజిమెంటులో మేజర్ సల్లివన్ బాలూ 1861 జూలై 14న భార్య సారాకు ఒక ఉత్తరం రాశాడు. తాను తిరిగి రాకపోవచ్చని, అయినా దేశం కోసం నిలబడక తప్పదని. వారం తిరిగేసరికి బుల్ రన్ యుద్ధంలో ఫిరంగి గుండు తగిలి, ఆ నెలలోనే పోయాడు. ఆ ఉత్తరం అసలు ప్రతి దొరకలేదు, చేతిరాత నకళ్ళే మిగిలాయి, వాటిలో మాటలు అక్కడక్కడా తేడాగా ఉంటాయి. నకళ్ళని తెలిసినా ఆ ఉత్తరం ముందు నేను తలవంచుతాను.

ఇంటికొచ్చాక రాసినవాటిలో ఉత్తరాది సేనాపతి జనరల్ గ్రాంట్ ఆత్మకథ మొదట చదవండి. 1885లో గొంతు క్యాన్సర్‌తో, అప్పులపాలైన కుటుంబానికి నాలుగు డబ్బులు మిగల్చాలని రాశాడు. ముగించిన కొద్ది రోజులకే, జూలై 23న కన్నుమూశాడు. ప్రచురించింది రచయిత మార్క్ ట్వేన్ సంస్థ. అందులో రెండు చోట్లు నాకు కంఠతా వచ్చు. కల్నల్‌గా మొదటిసారి మిజోరిలో హారిస్ అనే శత్రువు శిబిరం మీదికి వెళ్తూ, గుండె గొంతులోకి వచ్చిందంటాడు. కొండ ఎక్కి చూస్తే శిబిరం ఖాళీ. నేను అతనికి ఎంత భయపడ్డానో అతనూ నాకు అంతే భయపడ్డాడని అప్పుడు తెలిసిందట. రెండోది 1862 ఏప్రిల్‌లో షైలో యుద్ధం మొదటి రోజు రాత్రి. కుండపోత వాన. గుర్రం జారి తన కాలి మీద పడడంతో వాచిన చీలమండతో చెట్టు కింద కూర్చున్నాడు. నొప్పికి నిద్రపట్టక ఒక దుంగల ఇంట్లోకి వెళ్తే, అక్కడ డాక్టర్లు గాయపడినవాళ్ళ కాళ్ళూ చేతులూ కోసేస్తున్నారు. అది చూడలేక మళ్ళీ వానలో చెట్టు కిందికే వచ్చేశాడు. వేలమందిని చావులోకి పంపగల సేనాపతి ఆ గదిలో నిలబడలేకపోయాడు!

దక్షిణాది జనరల్స్ తర్వాతి కాలంలో రాసినవి మాత్రం జాగ్రత్తగా చదవాలి. ఓటమిని ఒకరి మీద ఒకరు రుద్దుకోవడం, బానిసత్వం ఊసెత్తకుండా దాన్ని గౌరవం కోసం చేసిన పోరాటంగా చూపించడం చాలామందికి అలవాటైంది. అది నేను ఒప్పుకోను. వాళ్ళలో ఎడ్వర్డ్ పోర్టర్ అలెగ్జాండర్ వేరు. గెటిస్‌బర్గ్ యుద్ధంలో 1863 జూలై 3న ఫిరంగులు నడిపించిన ఆఫీసరు. పిల్లల కోసం, అచ్చు ఊసు లేకుండా రాసుకున్న జ్ఞాపకాల్లో సొంత సేనాపతి లీ పొరపాట్లను కూడా చెప్పాడు. అవి 1989లో గానీ బయటికి రాలేదు.

గ్రాంట్ పుస్తకానికి కాపీరైట్ తీరిపోయింది, ప్రాజెక్ట్ గుటెన్‌బర్గ్ అనే వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. ఫోన్‌లో వద్దు మాస్టారూ, అబ్బాయిని ప్రింట్ తీసి పంపమనండి.

ప్రశ్న: మేడమ్, నల్లజాతి సైనికుల వైపు నుంచి రాసినవాళ్ళు లేరా?
– డిగ్రీ విద్యార్థి, తిరుపతి

జవాబు: మంచి ప్రశ్న వేశావు నాయనా. నల్లజాతి రెజిమెంట్లకు దాదాపు అందరూ తెల్ల ఆఫీసర్లే. నల్లజాతివాడైన మార్టిన్ డెలానీకి మేజర్ హోదా వచ్చేసరికి 1865 అయింది. బానిసత్వం నుంచి బయటపడ్డవాళ్ళతో కట్టిన 1వ సౌత్ కరోలైనా రెజిమెంటుకు కల్నల్ థామస్ వెంట్‌వర్త్ హిగ్గిన్సన్. నెగడు చుట్టూ సైనికులు పాడుకునే పాటలు వింటూ రాసిపెట్టుకున్నాడు. వాళ్ళకు తెల్లవాళ్ళతో సమానంగా జీతం ఇవ్వాలని పత్రికలకు ఘాటుగా ఉత్తరాలు రాశాడు. మంచి మనిషే. కానీ అదే రెజిమెంటులో సూసీ కింగ్ టేలర్ అని, బానిసగా పుట్టిన అమ్మాయి ఉంది. టీనేజీ దాటకుండానే బట్టలుతికింది, గాయాలకు సేవ చేసింది, సైనికులకు అక్షరాలు నేర్పింది. నాలుగేళ్ళకు పైగా ఒక్క డాలరు అందుకోలేదు. 1902లో సొంతంగా పుస్తకం రాసింది. ఇద్దరివీ పక్కపక్కన పెట్టుకుని చదువు. కల్నల్ గుడారంలోంచి కనిపించనివి ఆమెకు కనిపించాయి.

ప్రశ్న: ఆఫీసర్ల భార్యలు వాళ్ళతో ఉండేవాళ్ళా?
– గృహిణి, శ్రీకాళహస్తి

జవాబు: చలికాలంలో యుద్ధం సద్దుమణిగి శిబిరం ఒకచోట నిలిచినప్పుడు కొందరు వచ్చేవాళ్ళమ్మా. ఎండలు మొదలై సైన్యం కదిలితే వెనక్కి పంపేసేవాళ్ళు. ఫ్రాన్సిస్ బార్లో అనే ఆఫీసరు భార్య అరబెల్లా, భర్తకు దెబ్బ తగిలిన ప్రతిసారీ వెతుక్కుంటూ వచ్చి సేవ చేసింది. ఆయన బతికాడు. మిలిటరీ ఆస్పత్రుల్లో పనిచేస్తూ టైఫస్ జ్వరం సోకి, 1864 జూలైలో ఆమే పోయింది. గ్రాంట్ భార్య జూలియా కూడా తన జ్ఞాపకాలు రాసుకుంది. భర్త పుస్తకం వెంటనే అచ్చయింది, ఆమెది 1975 దాకా ఆగింది.