వాళ్లు ఏం మానేశారో చూడు

తమ్ముడికి,

నీ వ్యాసం చదివాను. యుద్ధ సినిమాల మీద నీకున్న ఇష్టం ప్రతి లైనులోనూ కనిపిస్తోంది. సినిమాలే కనిపించడం లేదు. బడ్జెట్ ఎంత, జూనియర్ ఆర్టిస్టులు ఎంతమంది, అవార్డులు ఎన్ని, అన్నీ రాశావు. ప్రతి పేరా చివరా 'యుద్ధ చిత్రాల తీరునే మార్చేసింది' అని ఒక ముద్ర గుద్దావు. ఏ సీన్లో మార్చింది, అంతకుముందు ఎలా ఉండేది అని అడిగితే మాత్రం వ్యాసంలో జవాబు లేదు. ఇలా అన్నానని నొచ్చుకోకు. పనికిరాని రాతే అయితే ఇంత పెద్ద ఉత్తరం రాసేవాణ్ణి కాదు.

ఒక దారి చెబుతాను. దర్శకుడు కొత్తగా ఏం చేర్చాడా అని వెతకడం కాసేపు ఆపి, అందరూ తీసే పద్ధతిలో అతను ఏం మానేశాడో చూడు. యుద్ధ సినిమాకి కొన్ని కట్టుబాట్లున్నాయి. ఎదురుగా శత్రువు ఉండాలి, హీరోకి ఎలివేషన్ ఉండాలి, మ్యాప్ ముందు నిలబడి ప్లాన్ వివరించే జనరల్ ఉండాలి, ఫిరంగులు మోగాలి, చివర్లో గెలుపో వీరమరణమో ఉండాలి. వీటిలో ఏ ఒక్కటి తీసేసినా సినిమా నిలబడదని అందరూ అనుకుంటున్నప్పుడు, తీసేసి నిలబెట్టినవాళ్లున్నారు. నువ్వు రాయాల్సింది వాళ్ల గురించి.

ముందు జనం సంగతి. సెర్గెయ్ బొందార్చుక్ 1970లో, నెపోలియన్ ఆఖరి ఓటమి మీద వచ్చిన 'వాటర్లూ' కోసం దాదాపు 15 వేల మంది సోవియట్ సైనికులకు పాతకాలపు యూనిఫాంలు వేసి మైదానంలో నిలబెట్టాడు. చదరంగా బారులు తీరిన బ్రిటిష్ దళాల చుట్టూ ఫ్రెంచి గుర్రాలు సుళ్లు తిరగడం పైనుంచి చూస్తుంటే ఇవాళ్టికీ నోట మాట రాదు. అక్కడున్నవాళ్లు నిజం మనుషులు మరి. తర్వాత 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' కోసం మాసివ్ అనే సాఫ్ట్‌వేర్ తయారైంది, కంప్యూటర్లోనే వేలమందిని యుద్ధానికి దింపడం మొదలైంది. ఎవరైనా లక్షమందిని దింపగలిగే రోజు వచ్చాక ఆ లక్షకి విలువ పోయింది.

తమాషా ఏమిటంటే, ఆ సినిమాలు తీసిన పీటర్ జాక్సనే 2018లో 'దే షల్ నాట్ గ్రో ఓల్డ్'తో పూర్తిగా ఎదురుదారి పట్టాడు. మొదటి ప్రపంచ యుద్ధం నాటి పాత ఫిలింలు తీసుకుని, వేగం సరిచేసి, రంగులద్దాడు. ఆ మూకీ బొమ్మల్లో సైనికులు ఏం మాట్లాడుతున్నారో పెదవుల కదలిక చదవగలిగేవాళ్లతో చెప్పించి, ఆ మాటలకు గొంతులు పెట్టించాడు. అంత హంగామా చేసినవాడు ఏ ఊరు, ఏ తేదీ, ఏ యుద్ధం అన్నది చెప్పడం మానేశాడు. చరిత్రకారుడెవరూ వచ్చి వివరించడు. యుద్ధం చేసి బతికొచ్చినవాళ్లు చాలా ఏళ్ల తర్వాత రికార్డు చేసిన మాటలే నడిపిస్తాయి. పాడైపోయిన పళ్లతో కెమెరాని చూసి నవ్వే కుర్రాళ్ల ముఖాలు గుర్తుండిపోతాయి. నీ వ్యాసంలో ఈ సినిమా పేరే లేదు, డాక్యుమెంటరీ కదా అని వదిలేసినట్టున్నావు. వదలకు.

'డంకర్క్' (2017) మీద నువ్వు రాసిందంతా శబ్దం గురించి, ఐమ్యాక్స్ గురించి. ముందు చూడాల్సింది అందులో శత్రువు లేకపోవడం. తూటాలొస్తాయి, బాంబులు పడతాయి, టార్పెడో వస్తుంది. జర్మన్ సైనికుడి ముఖం మాత్రం కనపడదు, చివర్లో వచ్చినవాళ్లు కూడా మసక ఆకారాలే. చర్చిల్ కనపడడు, అతని ప్రసంగాన్ని ఒక కుర్ర సైనికుడు రైల్లో కూర్చుని పేపర్లో చదువుతాడు. ఫ్రాన్స్ తీరంలోని డంకర్క్‌లో చిక్కుకుపోయిన 3 లక్షల 38 వేల మందికి పైగా సైనికుల్ని 1940 మే 26 నుంచి జూన్ 4 దాకా సముద్రం దాటించిన సంగతి లోకానికంతా తెలుసు. బయటపడతారా లేదా అన్న టెన్షన్ మీద మాత్రమే ఆ కథని నడపడం కుదరదు. అందుకే దర్శకుడు నోలన్ ఒడ్డున వారం, పడవ మీద ఒక రోజు, ఆకాశంలో ఒక గంట తీసుకుని మూడింటినీ కలిపి పేనాడు. దాని ఫలితం ఎక్కడ తెలుస్తుందంటే, సముద్రం మీద మునిగిన ఓడ నుంచి ఒక సైనికుణ్ణి పడవలోకి ఎక్కించుకుంటారు చూడు, ముడుచుకుని వణుకుతుంటాడు, వెనక్కి డంకర్క్‌కే పోతున్నారని తెలిసి పిచ్చెక్కినట్టు ప్రవర్తిస్తాడు. చాలాసేపటి తర్వాత, అంతకుముందు జరిగిన ఒక రాత్రి సీన్లో అదే మనిషి కనపడతాడు. నిబ్బరంగా, అధికారంతో, నీళ్లలో ఉన్నవాళ్లని పడవలో చోటు లేదు, ఆగమని చెబుతుంటాడు. ఆ రెండు సీన్ల మధ్య అతనికేం జరిగిందో సినిమా విడిగా చెప్పదు. వరసలో తీసి ఉంటే మామూలు సీన్లు. వరస తప్పించడం వల్ల మనకి గుండె జారుతుంది. నీ వ్యాసంలో దీనికి ఒక పేరా ఇవ్వు, ఐమ్యాక్స్‌కి ఒక లైను చాలు.

ఫలితం ముందే చెప్పేసి కథ నడపడం మనకేం కొత్త కాదులే. భారతంలో సంజయుడు వచ్చీరాగానే భీష్ముడు పడిపోయాడని ధృతరాష్ట్రుడికి చెప్పేస్తాడు, మొదటి రోజు యుద్ధం ఆ తర్వాతే మొదలుపెడతాడు. అయినా ఆ ముసలి రాజు చెవులు రిక్కించి వింటూనే ఉంటాడు.

ఇక 'కమ్ అండ్ సీ'. ఎలెమ్ క్లిమోవ్ 1985లో తీశాడు, ఆ తర్వాత మరో సినిమా తీయలేదు. నాజీ ఆక్రమణలో ఉన్న బెలారుస్‌లో ఫ్ల్యోరా అనే కుర్రాడు ఇసుకలో తవ్వి ఒక తుపాకి సంపాదించి, ఉత్సాహంగా గెరిల్లాల్లో చేరిపోతాడు. మామూలు సినిమా అయితే ఇక్కణ్నుంచి కుర్రాడు వీరుడవుతాడు. క్లిమోవ్ ఆ ఎదుగుదలే ఇవ్వడు. కుర్రాడు కొద్దిరోజుల్లోనే ముసలివాడైపోతాడు, అంతే. ముడతలు పడిన ఆ ముఖాన్ని మొదటి సీన్లో నవ్వే ముఖం పక్కన పెట్టి చూడు.

నువ్వు ఈ సినిమా గురించి 'హృదయాన్ని పిండేసింది' అని రాశావు. దాని బదులు ఈ సీన్ రాయి. ఫ్ల్యోరా, గ్లాషా అనే అమ్మాయి కలిసి అతని ఇంటికొస్తారు. ఇంట్లో ఎవరూ లేరు. వండిన సూప్ ఇంకా వెచ్చగానే ఉంది. ఇద్దరూ తింటుంటారు. ఈగలు ముసురుతున్న చప్పుడు. నేల మీద చెల్లెళ్ల బొమ్మలు. మనవాళ్లు ఎక్కడున్నారో నాకు తెలుసని కుర్రాడు బయటికి పరుగెత్తుతాడు, అమ్మాయి వెనకాలే పరుగెడుతూ ఒక్కసారి తల తిప్పి చూస్తుంది. ఇంటి వెనక గోడ పక్కన ఊరివాళ్ల శవాలు కుప్పగా ఉంటాయి. కెమెరా అక్కడ ఆగదు. రెప్పపాటు చూపించి పిల్లలతో పాటే ముందుకి పోతుంది. కుర్రాడు చూడలేదు, ఆమె చూసింది, మనం చూశాం. ఏడవడానికి కూడా దర్శకుడు టైమ్ ఇవ్వలేదు. ఈ సీన్ని నువ్వు ఇలా వరసగా చెబితే చాలు, విశేషణాలు అక్కర్లేదు.

అదే ఏడాది జపాన్ దర్శకుడు కురొసావా 'రాన్' వచ్చింది. ఇది పూర్తిగా వేరే దేశం, వేరే కాలం, కత్తులు, జెండాలు, గుర్రాలు. ముసలి ప్రభువు హిదెతోరా ఉన్న కోట మీదికి ఇద్దరు కొడుకుల సైన్యాలు వచ్చి పడతాయి. ఆ దాడి మొదలవగానే శబ్దాలన్నీ ఆగిపోతాయి. అరుపుల్లేవు, గుర్రపు డెక్కల్లేవు, బాణాల చప్పుడు లేదు. తోరు తకెమిత్సు సంగీతం ఒక్కటే, నెమ్మదిగా, శోకంగా. రక్తం కారుతుంటుంది, మనుషులు నోళ్లు తెరుస్తుంటారు, ఏమీ వినపడదు. కొన్ని నిమిషాలయ్యాక ఒక తుపాకి పేలుతుంది, పెద్దకొడుకు తారో గుర్రం మీదే ఒరిగిపోతాడు. ఆ పేలుడుతో యుద్ధం చప్పుడంతా ఒక్కసారిగా చెవుల్లో పడుతుంది. కాల్చింది శత్రువు కాదు, తమ్ముడి మనిషి. అంతసేపూ దేవుళ్లెవరో పైనుంచి చూస్తున్నట్టున్న సీను, ఆ గుండుతో మనుషుల కుట్రగా మారిపోతుంది. శబ్దం ఎప్పుడు తీసేశాడన్నది అందరూ రాస్తారు. ఎప్పుడు తిరిగిచ్చాడో, ఎవరి చావు దగ్గర ఇచ్చాడో నువ్వు రాయి.

మానేసిన ప్రతిదీ గొప్పేనని మాత్రం అనుకోకు. '1917' (2019) మొత్తం ఒకే షాట్‌లా నడవాలని సామ్ మెండిస్ పట్టుపట్టి కట్‌ని మానేశాడు, హీరో స్పృహ తప్పి తెర నల్లబడే చోట తప్ప. కందకాల్లో అది బ్రహ్మాండంగా పనిచేసింది. కొన్నిచోట్ల మాత్రం మనం కుర్రాణ్ణి వదిలేసి, ఇదెలా తీశారబ్బా అని కెమెరా గురించి ఆలోచించడం మొదలుపెడతాం. నా మటుకు నాకు అదే మెండిస్ 2005లో తీసిన 'జార్‌హెడ్' ఎక్కువ సాహసం. గల్ఫ్ యుద్ధానికి వెళ్లిన స్నైపర్ శత్రువు మీద ఒక్క గుండు కూడా పేల్చకుండానే తిరిగొస్తాడు. అందులోనే ఒక సీన్ ఉంది. యుద్ధానికి పోబోయే మెరైన్లకి, వియత్నాం యుద్ధం మీద కొప్పోలా తీసిన 'అపోకలిప్స్ నౌ' చూపిస్తారు. వాగ్నర్ సంగీతం పెట్టుకుని హెలికాప్టర్లు పల్లె మీద విరుచుకుపడుతుంటే వీళ్లు ఈలలేసి చిందులేస్తారు. కొప్పోలా ఏ పిచ్చిని చూపించాలనుకున్నాడో ఆ పిచ్చికే వీళ్లు చప్పట్లు కొడుతున్నారు. యుద్ధాన్ని చూపించే ప్రతి సినిమా చివరికి యుద్ధానికే వత్తాసు పలుకుతుందని ఫ్రెంచి దర్శకుడు ట్రుఫో అనుమానపడింది ఇందుకే. నీ వ్యాసం ఈ అనుమానానికి ఎదురు నిలబడాలి. 'రాన్'లో కోట తగలబడే ఆ మంటలు అందంగా లేవని నువ్వనగలవా? నేననలేను.

2022 నాటి 'ఆల్ క్వైట్ ఆన్ ది వెస్టర్న్ ఫ్రంట్' చూడు. మొదట్లో చచ్చిపోయిన సైనికుడి యూనిఫాం విప్పుతారు, రక్తం ఉతుకుతారు, చిరుగులు కుడతారు, మడతపెట్టి కొత్తగా చేరిన పాల్‌కి ఇస్తారు. కాలర్ దగ్గర వేరే పేరుంది, ఇది ఇంకెవరిదోనండీ అంటాడు. అతనికి సైజు సరిపోలేదేమో అని ఆఫీసరు ఆ పేరు చింపి కింద పడేస్తాడు. కుట్టుమిషన్ల చప్పుడుతోనే యుద్ధం ఎలా నడుస్తుందో చెప్పేశారు. చివరికొచ్చేసరికి అదే సినిమా పాత దారికి పోయింది. మూల నవలలో పాల్ 1918 అక్టోబరులో, ఏ అలజడీ లేని ఒక రోజున చనిపోతాడు. సినిమాలో సంధి అమల్లోకి రావడానికి క్షణాల ముందు, పెద్ద దాడిలో పోతాడు. క్లైమాక్స్ కావాల్సొచ్చింది మరి. ఇలాంటిచోట మెచ్చుకోలూ విమర్శా ఒకే పేరాలో పెట్టడానికి భయపడకు.

ఈస్ట్‌వుడ్ 'లెటర్స్ ఫ్రమ్ ఇవో జిమా' గురించి, తెలుగులో 'కంచె' గురించి నువ్వు బాగానే రాశావు. యుద్ధభూమిలోని గీతకీ పల్లెలోని కులాల కంచెకీ ముడిపెట్టిన పేరా అలాగే ఉంచు. అవార్డుల జాబితా తీసెయ్. ఏ సినిమాకైనా ఒక్క సీనే తీసుకో, ముందు సౌండ్ ఆపేసి చూడు, తర్వాత బొమ్మ చూడకుండా విను, అప్పుడు రాయి.

చివర్లో 'వాల్ట్స్ విత్ బషీర్' (2008) పెట్టమని అడుగుతున్నా. 1982 లెబనాన్ యుద్ధంలో తను సైనికుడిగా ఉండి మర్చిపోయినదాన్ని ఆరి ఫోల్మన్ యానిమేషన్లో వెతుక్కుంటూ పోతాడు. సినిమా అంతా బొమ్మలే. బీరూట్‌లోని సబ్రా, షతీలా పాలస్తీనా శరణార్థి శిబిరాల్లో ఊచకోత జరిగాక ఆడవాళ్లు ఏడుస్తూ వచ్చే చోట, ఆఖరి నిమిషంలో బొమ్మలు పోయి అసలు న్యూస్ ఫుటేజీ తెర మీదికొస్తుంది. అక్కడ యానిమేషన్ని మానేయడం న్యాయమేననీ, లేకపోతే జనం అది కల అనుకుని లేచిపోతారనీ ఒక వాదన. అంతసేపూ బొమ్మల మీద మనకి కలిగించిన నమ్మకాన్ని ఆయనే వమ్ము చేశాడని మరో వాదన. నాకు ఒక్కోసారి ఒక్కోటి సబబనిపిస్తుంది. నువ్వు ఎటువైపో తేల్చుకుని, ఆ పేరా మాత్రం ముందు రాసి పంపు.

ఉంటాను,
మీ అన్నయ్య