జయప్రకాశ్ రెడ్డిని నవ్వులకే వాడేసుకుని మనం పోగొట్టుకున్నది

ప్రశ్న: ఫ్యాక్షన్ సినిమాల్లో అంతగా భయపెట్టిన జయప్రకాశ్ రెడ్డి గారు తర్వాత కామెడీ వైపు వెళ్లిపోయారు. అది ఆయన కెరీర్‌కి మంచి చేసిందా, చెడు చేసిందా?

ఆయనకి మంచే చేసింది. అన్యాయం జరిగింది చూసే మనకి.

ముందు మంచి సంగతి చెప్తాను. 1999 సంక్రాంతికి ‘సమరసింహారెడ్డి’ వచ్చాక మూడు నాలుగేళ్ల పాటు ఎటు చూసినా ఫ్యాక్షన్ సినిమాలే. సుమోలు గాల్లోకి లేవడం చూసీ చూసీ జనానికి మొహం మొత్తింది. ఆ జోరు తగ్గగానే, ఆ పాత్రల మీదే బతికిన నటుల్లో చాలామంది కనబడకుండా పోయారు. ఈయన మాత్రం అదే మీసం, అదే గొంతు, అదే యాస పెట్టుకుని నవ్వించడం మొదలుపెట్టారు. ‘ఎవడి గోల వాడిది’, ‘కితకితలు’, ‘రెడీ’ ఇలా వరసగా చేసుకుంటూ 2020 సంక్రాంతికి వచ్చిన ‘సరిలేరు నీకెవ్వరు’ దాకా తెర మీదే ఉన్నారు. ఒక సహాయనటుడికి అన్నేళ్లు చేతి నిండా పని దొరకడం మామూలు విషయం కాదు. కాబట్టి ఆయన కోణంలో చూస్తే ఆ మార్పు ఆయన్ని నిలబెట్టిందనే చెప్పాలి.

కానీ ఈ రోజు ఇరవై ఏళ్ల పిల్లల్ని అడగండి. వాళ్లకి తెలిసిన జయప్రకాశ్ రెడ్డి, ఫోన్‌లో ముప్పై సెకన్ల కామెడీ బిట్లలో కనిపించే ఆయన. ఆ మనిషి నోరు తెరిస్తే హాలు హాలంతా కిక్కురుమనేది కాదని చెబితే నమ్మరు. నేను చూశాను కాబట్టి చెప్తున్నాను.

మాది నంద్యాల దగ్గర పల్లె. 1997లో ‘ప్రేమించుకుందాం రా’ వచ్చినప్పుడు మా చిన్నాయన నన్ను నంద్యాలకి తీసుకుపోయి చూపించాడు. హాలు నిండిపోయింది. వెంకటేష్ కనబడితే ఈలలు, పాటొస్తే ఎగిరే కాగితాలు. మా చిన్నాయన ముందు వరస కుర్చీ వీపు మీద కాళ్లు చాపుకుని, చెప్పులు కింద వదిలేసి, దర్జాగా కూర్చున్నాడు. కథ మా రాయలసీమ వైపు మళ్లింది. వీరభద్రయ్యగా జయప్రకాశ్ రెడ్డి వచ్చి మాట్లాడటం మొదలుపెట్టాడు. పెద్దగా అరవలేదు. మాట చివర కొంచెం సాగదీస్తూ, ఎదుటివాడి కళ్లలోకి చూస్తూ నింపాదిగా మాట్లాడాడు. నేను పక్కకి తిరిగి చూస్తే మా చిన్నాయన కాళ్లు దించేశాడు. ఎవరూ దించమనలేదు. తెర మీద బొమ్మని చూసి, ఊళ్లో పెద్దమనిషి ఎదురొచ్చినట్టు సర్దుకుని కూర్చున్నాడు. ఆనక నా చెవి దగ్గరికొచ్చి, “వీడు సినిమావోడు కాదురా, మన పక్కోడే. ఇది యాడనో ఇన్న గొంతే” అన్నాడు.

నిజంగానే మా పక్క ఆయనే. పుట్టింది సిరివెళ్లలో, నంద్యాల నుంచి ఆళ్లగడ్డ పోయే దారిలో తగులుతుంది. ఈ సంగతి తర్వాతెప్పుడో పేపర్లో చదివితే తెలిసింది. మా చిన్నాయన ఆ పేపరు మడిచి జేబులో పెట్టుకుని ఊరంతా చూపించుకొచ్చాడు.

హాల్లో మా చిన్నాయన కాళ్లెందుకు దించాడో మా ఊరివాళ్లకైతే చెప్పక్కర్లేదు. నా చిన్నప్పుడు మా ఊళ్లో ఒక పెద్దాయన ఉండేవాడు. ఆయన గొంతు పెంచగా ఎవరూ వినలేదు. ఒకసారి పొలం గట్టు తగాదా మీద ఒకాయన వచ్చాడు. పెద్దాయన కూర్చోబెట్టి మజ్జిగ ఇప్పించాడు. ఎద్దులు బాగున్నాయా అని అడిగాడు, కొడుకు ఏం చదువుతున్నాడని అడిగాడు. అన్నీ అయ్యాక, అదే గొంతుతో, “ఆ గట్టు సంగతి మర్చిపోప్పా” అన్నాడు. అంతే. వచ్చినాయన సగం తాగిన మజ్జిగ గ్లాసు అరుగు మీద పెట్టి లేచి వెళ్లిపోయాడు. మా సీమలో భయం అంటే ఇలా ఉండేది, మజ్జిగ ఇచ్చి మరీ భయపెట్టేవాళ్లు. సినిమావాళ్లు తొడగొట్టడం, కత్తి తిప్పడం చూపిస్తారు. ఆ నింపాదితనాన్ని పట్టుకున్న నటుడు నాకు తెలిసి జయప్రకాశ్ రెడ్డి ఒక్కడే.

ఇది పుట్టుకతో వచ్చిందనుకుంటే పొరపాటు. పుట్టింది సీమలోనే అయినా తండ్రిది పోలీసు ఉద్యోగం, చిన్నప్పటి చదువు ఎక్కువగా నెల్లూరులో సాగింది, ఉద్యోగం చేసిందీ స్థిరపడిందీ గుంటూరులో. ఆ యాస కోసం సీమ ఊళ్లు తిరిగి, జనం మాట్లాడుకోవడం విని నేర్చుకున్నానని ఆయనే ఇంటర్వ్యూల్లో చెప్పారు. యాభై ఏళ్ల వయసులో, నాటకాల్లో అంత అనుభవం ఉండి కూడా, ఒక పాత్ర కోసం మళ్లీ విద్యార్థి అయ్యారు. నాకు ఆయన మీద ఇంత గౌరవం ఉండటానికి అదే మొదటి కారణం.

రెండో కారణం ఆయన లెక్కల మాస్టారు కావడం. నేనూ బడిపంతులునే కాబట్టి ఇది గట్టిగా చెప్పగలను: ఆ గొంతు, ఆ చూపు తయారైంది తరగతి గదిలోనే. అరవై మంది పిల్లలున్న గదిలో అరిచే మాస్టారుకి ఎవరూ భయపడరు. చేతులు వెనక్కి కట్టుకుని, గుమ్మంలో నిలబడి, ఒక్క మాటా మాట్లాడకుండా చివరి బెంచీ వైపు చూసే మాస్టారుకి భయపడతారు. ఇప్పుడు ‘జయం మనదేరా’ మళ్లీ చూడండి. ఆయన మాట్లాడే ముందు ఆగే ఆ క్షణం గమనించండి. అది లెక్కల క్లాసులో ఆగడమే. ఆ సినిమాకే ఆయనకి 2000 సంవత్సరానికి ఉత్తమ విలన్‌గా నంది అవార్డు వచ్చింది.

దానికి తోడు నాటకం. మైకు సరిగ్గా పనిచేయని చోట కూడా చివరి వరసలో కూర్చున్న ముసలాయనకి ప్రతి మాటా అందాలి. అరిస్తే మాట ముక్కలైపోతుంది. అందుకని రంగస్థలం వాళ్లు పొట్టలోంచి మాట తీయడం నేర్చుకుంటారు. ఆయన నాటకం చూసే దాసరి నారాయణరావు గారు ముచ్చటపడి రామానాయుడు గారికి చెప్పారు. అలా 1988లో, వెంకటేష్ హీరోగా రామానాయుడు గారి సురేష్ ప్రొడక్షన్స్ తీసిన ‘బ్రహ్మపుత్రుడు’తో సినిమాల్లోకి వచ్చారు. అయితే ఆ తర్వాత బతుకు వెంటనే మారిపోలేదు. కొన్నాళ్లు చిన్నా చితకా వేషాలు వేశారు, అవి తగ్గితే మళ్లీ గుంటూరు వచ్చి పాఠాలు చెప్పుకున్నారు. తొమ్మిదేళ్ల తర్వాత అదే సురేష్ ప్రొడక్షన్స్, అదే వెంకటేష్‌తో తీసిన ‘ప్రేమించుకుందాం రా’ ఆయన్ని మళ్లీ నిలబెట్టింది. నంది తెచ్చిన ‘జయం మనదేరా’ కూడా వాళ్లదే. ఈ మూడు సినిమాలూ ఒకే ఇంటి నుంచి రావడం గురించి ఎవరూ మాట్లాడరు. ఒక సంస్థ ఒక నటుణ్ణి గుర్తుపెట్టుకుంటే ఏం జరుగుతుందో దానికి ఇంతకంటే మంచి ఉదాహరణ నాకు దొరకలేదు.

ఇక్కడ నా అసలు కోపం చెప్పుకోవాలి. మన దగ్గర పరిషత్తులు పెట్టే నాటక పోటీల్లో ఇలాంటి గొంతులు ఎన్నో ఉన్నాయి. అయినా ఆ రోజుల నుంచీ విలన్ అనగానే ముంబయి ఫ్లైటు వైపే చూస్తారు. ఆరడుగుల మనిషిని తెస్తారు, కండలు చూపిస్తారు, గొంతు వేరేవాళ్లది పెడతారు. ‘అరుంధతి’లో పశుపతి అంటే అందరూ సోనూ సూద్ పేరు చెప్తారు. ఆ పాత్రకి గొంతునిచ్చిన రవిశంకర్ లేకపోతే అందులో సగం భయం ఉండదు. సోనూ సూద్ గారిని తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు, ఆయన బాగానే చేశారు. కానీ పెదాలు ఒకరివి, మాట ఇంకొకరిది అయినప్పుడు ఆ కళ్లలో మాట పుట్టడం కనబడదు. రావు గోపాలరావు గారికి గానీ, కోట శ్రీనివాసరావు గారికి గానీ, జయప్రకాశ్ రెడ్డి గారికి గానీ కళ్లలో ముందు పుట్టిందే నోట్లోంచి వచ్చేది.

ఇంకో బాధ కూడా ఉంది, ఈ ప్రశ్నకి సంబంధం లేకపోయినా చెప్పకుండా ఉండలేను. ఆ ఫ్యాక్షన్ సినిమాల వల్ల మా ప్రాంతం పిల్లలు బయట చదువుకోవడానికి పోతే చాలా మాటలు పడ్డారు. నేను ఇంటర్ హాస్టల్లో చేరిన మొదటి వారమే, “మీ ఇంట్లో బాంబులు ఎక్కడ దాస్తారు?” అని అడిగారు. మా ఇంట్లో ఉన్నవి వడ్ల బస్తాలు. కేసీ కాలువకి నీళ్లు ఎప్పుడు వదులుతారో అని మా నాన్న పడే టెన్షన్ తప్ప మా ఇంట్లో వేరే యుద్ధం లేదు. సీమలో కరువు ఉంది, వలస ఉంది, ఎండిపోయిన బోర్లు ఉన్నాయి, అవేవీ సినిమాకి పనికిరాలేదు. అయినా ఆ కోపం నాకు జయప్రకాశ్ రెడ్డి గారి మీద ఎప్పుడూ రాలేదు. ఆ సినిమాల్లో మా మాటని మర్యాదగా, తూకం తప్పకుండా పలికింది ఆయనే. మిగతావాళ్లు ప్రతి వాక్యానికీ ఒక ‘రా’ తగిలించి అదే సీమ యాస అనుకున్నారు.

సరే, ప్రశ్న దగ్గరికి వస్తాను. కామెడీ వేషాల్లో ఆయన చేసింది చిన్న పని కాదు. భయపెట్టిన అదే మనిషి అదే నింపాదితనంతో, ఏమీ అర్థంకాక దిక్కులు చూస్తుంటే నవ్వొస్తుంది. ‘రెడీ’లో కోట గారు ఒకవైపు, ఈయన ఒకవైపు ఉంటే, మధ్యలో బ్రహ్మానందం గారి పని సగం తేలికైపోయింది. ఎదురుగా ఉన్నవాళ్లు నిజంగా ప్రమాదకరమైన మనుషులని మనం నమ్మితేనే వాళ్లు మోసపోతుంటే నవ్వుతాం. ఆ నమ్మకం ఇచ్చింది పాత విలన్ వేషాలే. తప్పు ఆయన నవ్వించడంలో లేదు. నవ్విస్తాడని తెలిశాక, రాసేవాళ్లు ఇంక వేరే ఏమీ రాయలేదు. కొడుకు మాట వినని తండ్రిగానో, ఊరు ఖాళీ అవుతుంటే అరుగు మీద ఒంటరిగా మిగిలిపోయిన పెద్దాయనగానో ఒక నిండు పాత్ర ఎవరైనా రాసి ఉంటే ఎలా ఉండేదో ఊహించుకోండి. చేయగలడా అని అనుమానం ఉన్నవాళ్లకి ఒకటే జవాబు. ఆ వయసులో ‘అలెగ్జాండర్’ అనే నాటకం వేదిక మీద ఆయన ఒక్కరే ఆడేవారు. పక్కన ఇంకో పాత్ర లేదు, మొదటి నుంచి చివరి దాకా ఒక్క మనిషే. సినిమాల్లో రోజు కాల్షీట్‌కి డబ్బులొస్తున్న కాలంలో కూడా ఆ నాటకం మీద ప్రాణం పెట్టుకున్నారంటే, సినిమా ఇవ్వనిది ఆయన అక్కడ వెతుక్కున్నారని నా గట్టి నమ్మకం.

2020 సెప్టెంబరు 8న గుంటూరులో గుండెపోటుతో పోయారు. కరోనా రోజులు, కడసారి చూపుకి పోదామన్నా పోలేని పరిస్థితి. ఆ రోజు టీవీలన్నీ కామెడీ బిట్లే తిప్పి తిప్పి వేశాయి.

ప్రశ్న అడిగినవారికి ఒక మాట. ఆయన్ని కామెడీతో మాత్రమే ఎరిగి ఉంటే, ముందు ‘ప్రేమించుకుందాం రా’, ఆ తర్వాత ‘సమరసింహారెడ్డి’, ఆ తర్వాత ‘జయం మనదేరా’ ఈ వరసలో చూడండి. మూడేళ్ల తేడాలో వచ్చిన సినిమాలే, మూడింట్లోనూ సీమ పెద్దమనిషే, కానీ మూడు వేరు వేరు మనుషులు. చూసేటప్పుడు డైలాగు కోసం ఎదురుచూడకండి. ఎదుటివాడు మాట్లాడుతున్నప్పుడు ఆయన ఎలా వింటున్నారో చూడండి. ఆ తర్వాత ‘రెడీ’ పెట్టుకోండి, ఇంకా ఎక్కువ నవ్వొస్తుంది.