మొదటి మ్యాచ్‌కి ముందే రూల్స్ చదువు తల్లీ

చిట్టితల్లీ,

నిన్న రాత్రి మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. ఆఫ్రికా కప్ ఫుట్‌బాల్ క్వాలిఫయింగ్‌లో ఒక గ్రూప్ ఎంచుకుని, మొదటి మ్యాచ్ నుంచి చివరి మ్యాచ్ దాకా వెంట తిరిగి, చూసింది చూసినట్టు తెలుగులో రాస్తానన్నావట. ఆఫీసులో సెలవు కూడా అడిగేశావట. ఫోన్ పెట్టేశాక మీ పెద్దమ్మ "ఒక్కతే ఎలా వెళ్తుందండీ" అంటూ కూర్చుంది. నేను పైకి "ఏం పర్లేదులే" అన్నాను గానీ, రెండింటిదాకా నిద్ర పట్టలేదు. భయం ఎంతుందో సంతోషమూ అంతే ఉంది. జొహానెస్‌బర్గ్‌లో పదిహేనేళ్ళు లెక్కలు రాసి బతికినవాణ్ణి. వెనక్కి వచ్చాక అక్కడి ఫుట్‌బాల్ గురించి మనింట్లో నాతో మాట్లాడే మనిషే లేడు. ఇప్పుడు నువ్వు దొరికావు. అందుకే ఈ ఉత్తరం కాస్త పెద్దదవుతుంది, ఓపిగ్గా చదువు.

పాస్‌పోర్ట్ గడువు చూసుకో. కాపీలు రెండు చోట్ల పెట్టుకో. డబ్బంతా ఒకే సంచిలో పెట్టకు. ఇవన్నీ నీకు తెలిసినవే.

ఎల్లో ఫీవర్ టీకా మాత్రం వాయిదా వెయ్యకు. హైదరాబాద్‌లో అయితే నారాయణగూడ ఐపీఎం (ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ప్రివెంటివ్ మెడిసిన్)లో వేస్తారు. ప్రయాణానికి కనీసం పది రోజుల ముందు వేయించుకోవాలి, లేకపోతే ఆ సర్టిఫికెట్ చెల్లదు. ఆ జ్వరం ఉన్న దేశాల నుంచి సర్టిఫికెట్ లేకుండా తిరిగొస్తే, మన ఎయిర్‌పోర్ట్‌లోనే ఆపి ఆరు రోజుల వరకూ విడిగా ఉంచుతారు. "చూద్దాంలే పెదనాన్నా" అంటావని తెలుసు. చిన్నప్పుడు పోలియో చుక్కలకి కూడా మంచం కింద దాక్కునేదానివి. ఈసారి దాక్కోవద్దు. ఈ వారంలోనే వెళ్ళి వేయించుకుని, ఆ పసుపు కార్డు ఫోటో నాకు పంపు. మలేరియా మాత్రల గురించి కూడా అక్కడి డాక్టర్‌నే అడుగు.

టికెట్లు తొందరపడి కొనకు. ఆఫ్రికాలో 'సొంత మైదానం' అంటే సొంత దేశంలోనే ఉంటుందని లేదు. స్టేడియానికి ఆఫ్రికా ఫుట్‌బాల్ సమాఖ్య అనుమతి లేకపోతే, ఆ జట్టు పక్క దేశానికి వెళ్ళి తన హోమ్ మ్యాచ్ ఆడుకోవాలి. 2025 సెప్టెంబర్‌లో వరల్డ్ కప్ క్వాలిఫయింగ్‌లో లెసోతో హోమ్ మ్యాచ్ దక్షిణాఫ్రికాలోని బ్లూంఫాంటైన్‌లో జరిగింది, అదీ దక్షిణాఫ్రికా మీదే! వేదిక ఖాయమయ్యాకే విమానం బుక్ చేసుకో.

ఇక రాత్రిపూట రోడ్డు ప్రయాణాలు. మ్యాచ్ అయిపోయాక అదే రాత్రి ఇంకో ఊరికి బయల్దేరవద్దు. నడిచి వెళ్ళేంత దూరంలో గది తీసుకో, తెల్లారాక కదులు. దీని మీద నాతో వాదించకు.

ఇప్పుడు అసలు సంగతి. ఇది నీకు ఎవరూ చెప్పరు, నేనే చెప్పాలి.

2011 అక్టోబర్ 8, శనివారం. 2012 ఆఫ్రికా కప్‌కి క్వాలిఫయింగ్, గ్రూప్ జీ. నాలుగు జట్లు: ఈజిప్ట్, దక్షిణాఫ్రికా, సియెర్రా లియోన్, నైజర్. ఈజిప్ట్ అంటే 2006, 2008, 2010 మూడు కప్పులూ వరసగా గెలిచిన జట్టు. ఆ గ్రూప్‌లో అది అడుగున ఉంది. గెలిస్తే 3 పాయింట్లు, డ్రా అయితే 1. ఐదేసి మ్యాచ్‌లు అయ్యేసరికి నైజర్ 9 పాయింట్లు, దక్షిణాఫ్రికా 8, సియెర్రా లియోన్ 8, ఈజిప్ట్ 2. ఆఖరి రోజు మా జట్టుకి నెల్‌స్ప్రూట్‌లో సియెర్రా లియోన్‌తో ఆట, నైజర్‌కి కైరోలో ఈజిప్ట్‌తో ఆట.

జొహానెస్‌బర్గ్ నుంచి మూడు వందల కిలోమీటర్ల పైన. మీ పెద్దమ్మ తెల్లవారుజామునే లేచి పులిహోర కలిపింది. నేను, తను, మీ అన్న, పక్కింటివాళ్ళు ఇద్దరు, అందరం ఒకే కారులో వెళ్ళాం. అన్నకి అప్పుడు పదకొండేళ్ళు. ఎంబొంబేలా స్టేడియం చూసి వాడు నోరు తెరిచాడు. పైకప్పు మోసే పద్దెనిమిది స్తంభాలూ నారింజ రంగు జిరాఫీల్లా ఉంటాయి, కుర్చీలేమో చారల గుర్రం చర్మంలా నలుపూ తెలుపూ. వాడి దగ్గర ఒక రూళ్ళ నోట్‌బుక్ ఉండేది. ఏడాదిగా ఆ గ్రూప్ మ్యాచ్‌లన్నీ పెన్సిల్‌తో అందులో రాసుకునేవాడు. ఈజిప్ట్ మీద ఆఖరి క్షణాల్లో కట్లెగో ఎంఫేలా కొట్టిన గోల్ పక్కన పెద్ద నక్షత్రం గీశాడు.

ఆట సాగుతోంది, గోల్ రావడం లేదు. అంతలో కైరోలో నైజర్ ఓడిపోతోందన్న కబురు స్టేడియమంతా పాకింది. అందరి తలలూ నావైపు తిరిగాయి. లెక్కలవాణ్ణి కదా! టికెట్ వెనక రాసి చూపించాను. "మనం డ్రా చేస్తే 9. నైజర్ ఓడితే 9. గోల్స్ తేడాలో, అంటే కొట్టినవాటిలోంచి ఇచ్చినవి తీసేస్తే, మనం చాలా పైన. డ్రా చాలు, మనమే వెళ్తున్నాం." వెనక వరసవాళ్ళు కూడా వంగి నా టికెట్ చూశారు. ఒకాయన నా భుజం తట్టాడు.

అన్న నోట్‌బుక్ తిరగేస్తూ "కానీ నాన్నా, నైజర్ మనల్ని ఓడించింది కదా?" అన్నాడు.

"ఊరుకోరా, లెక్క నాకు తెలీదా" అన్నాను. గట్టిగానే అన్నాను. వాడు నోట్‌బుక్ మూసేశాడు.

నాకొక్కడికే కాదు, మైదానంలో ఉన్నవాళ్ళకీ అదే నమ్మకం. చివర్లో మా ఆటగాళ్ళు గోల్ కోసం పరిగెత్తడం మానేసి, డ్రా కాపాడుకోవడానికే చూశారు. విజిల్ పడింది, 0-0. మైదానంలో డాన్సులు. కోచ్ పిట్సో మోసిమానే దగ్గర్నుంచి అందరూ గోల్స్ తేడానే చూస్తారనుకున్నారని తర్వాత తెలిసింది. మేమూ గెంతాం. మీ పెద్దమ్మ ఎవరో ముక్కూ మొహం తెలియని ఆవిడని కౌగిలించుకుంది.

తిరుగు దారిలో కారు రేడియోలో చెప్పారు. వెళ్తున్నది నైజర్ అని.

రూల్ ఇది. పాయింట్లు సమానమైతే ముందు చూసేది గోల్స్ తేడా కాదు, సమానంగా నిలిచిన జట్లు తమలో తాము ఆడిన మ్యాచ్‌లు. మరి ఆ రోజు సమానంగా నిలిచింది ఇద్దరు కాదు, ముగ్గురు. ఆ డ్రాతో సియెర్రా లియోన్ కూడా 9కి వచ్చింది! ఆ మూడు జట్ల మధ్య మ్యాచ్‌లే విడిగా తీసి కూడితే నైజర్‌కి 6, మిగతా ఇద్దరికీ చెరో 5. నైజర్ మమ్మల్ని 2-1తో, సియెర్రా లియోన్‌ని 3-1తో ఓడించింది. మేము నైజర్‌ని ఒకసారి 2-0తో గెలిచాం గానీ, సియెర్రా లియోన్‌తో రెండుసార్లూ 0-0 దగ్గరే ఆగిపోయాం.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగి చదువు. మాకూ నైజర్‌కీ మధ్యే అయితే, చెరొకటి గెలిచినా మొత్తం గోల్స్ 3-2, మేమే పైన. మూడోవాడు లెక్కలోకి రావడంతోనే మేము పోయాం. అంటే మేము పట్టుకుని వేలాడిన ఆ డ్రానే మమ్మల్ని ముంచింది. ఒక్క గోల్ కొట్టి ఉంటే 11 పాయింట్లు, ఏ రూలూ అక్కర్లేదు. అన్న అడిగిన ప్రశ్నలో కూడా సగమే సమాధానం ఉంది. అయినా అది సరైన ప్రశ్న. నేను ఆ ప్రశ్న వెంట వెళ్ళి ఉంటే, కనీసం మా వరసలో పదిమందికైనా నిజం చెప్పి ఉండేవాణ్ణి. ఆట ఫలితం మారదు, తెలుసు. కానీ వాడి ముందు నేను అలా అని ఉండేవాణ్ణి కాదు.

రేడియోలో ఆ మాట విన్నాక వాడు ఏమీ అనలేదు. "చెప్పానా" అని కూడా అనలేదు. నిద్రపోయాడేమో అని అద్దంలో చూస్తే, కళ్ళు తెరుచుకునే ఉన్నాడు. ఇల్లు చేరేదాకా కారులో ఎవరూ మాట్లాడలేదు. దక్షిణాఫ్రికా ఫుట్‌బాల్ సంఘం అప్పీల్ చేస్తామని, కొన్నాళ్ళకి వద్దనుకుంది. నేను మాత్రం వాడికి సారీ చెప్పడానికి ఇంకా చాలా రోజులు తీసుకున్నాను.

అందుకే చెప్తున్నాను తల్లీ. మొదటి మ్యాచ్‌కి ముందే ఆ టోర్నమెంట్ రూల్స్‌లో 'పాయింట్లు సమానమైతే' అన్న భాగం తెచ్చుకుని, నీ చేత్తో తెలుగులో రాసుకో. పోయినసారిది చదివాను కదా అనుకోకు. అదే ఖండం, అవే జట్లు, కానీ 2026 వరల్డ్ కప్ క్వాలిఫయింగ్‌లో ముందు గోల్స్ తేడానే చూశారు. ఇద్దరు సమానమైతే ఏమవుతుంది, ముగ్గురైతే ఏమవుతుంది, రెండూ వేసి చూసుకో. అప్పట్లో ఆఫ్రికా కప్‌లో 16 జట్లే. 2019 నుంచి 24 చేశారు కాబట్టి ఎంతమంది పైకి వెళ్తారన్నది కూడా మారిపోయింది, అదీ చూసుకో.

పసుపు కార్డులు కూడా లెక్కపెట్టు. ఈసారి టీకా కార్డు కాదు, రిఫరీ చూపించేది. అదే వరల్డ్ కప్ క్వాలిఫయింగ్‌లో, 2025 మార్చిలో దక్షిణాఫ్రికా లెసోతోని 2-0తో గెలిచింది. ముందటి మ్యాచ్‌ల్లో పడ్డ రెండు పసుపు కార్డులతో ఆ మ్యాచ్‌కి దూరంగా ఉండాల్సిన ఆటగాణ్ణి దించినందుకు, సెప్టెంబర్‌లో ఆ గెలుపు తీసేసి లెసోతోకి 3-0గా రాశారు. మూడు పాయింట్లు పోయాయి. నేను రెండు రోజులు అన్నం సరిగ్గా తినలేదు. తర్వాత అక్టోబర్ 14న, అదే ఎంబొంబేలా స్టేడియంలో రువాండాని 3-0తో గెలిచి వరల్డ్ కప్‌కి వెళ్ళారు. ఆ రాత్రి విజిల్ పడ్డ నిమిషానికి అన్న దగ్గర్నుంచి మెసేజ్ వచ్చింది: "ఈసారి మొత్తం చెక్ చేశాను నాన్నా. వెళ్తున్నాం." నేను ఫోన్ పట్టుకుని వరండాలో చాలాసేపు కూర్చున్నాను.

ఇంకొక్క మాట. ఆ రోజు నాకు దక్షిణాఫ్రికా ఏడుపే కనిపించింది. నైజర్ గురించి ఆలోచించడానికి ఏళ్ళు పట్టింది. ఎక్కువ భాగం సహారా ఎడారే అయిన దేశం, అంతకుముందు ఒక్కసారి కూడా ఆఫ్రికా కప్ ఆడలేదు. కైరోలో 3-0తో ఓడిపోయి తలలు దించుకున్నవాళ్ళకి, మీరే వెళ్తున్నారు అని తెలిసిన ఆ క్షణం ఎలా ఉండి ఉంటుంది? అసలు టోర్నమెంట్‌లో మూడు మ్యాచ్‌లూ ఓడిపోయారు, పోనీ. రాజధాని నియామేలో బంతితో ఆడుకునే పిల్లలు ఆ రోజు ఏం చేశారో నేను చదవాలనుకున్నాను. తెలుగులో ఎవరూ రాయలేదు. నీ గ్రూప్‌లో కూడా అలాంటి జట్టు ఒకటి ఉంటుంది. మొదటి రోజే దాని పక్కన కూర్చో. పెద్ద జట్ల గురించి రాసేవాళ్ళు బోలెడుమంది ఉన్నారు.

భాష రాదని భయపడకు. మైదానం బయట వేరుశనక్కాయలు అమ్మేవాళ్ళ దగ్గర నిలబడితే చాలు, గ్రూప్ పరిస్థితి మొత్తం వేళ్ళ మీద చెప్పేస్తారు. పిల్లలు ఏదైనా అడిగితే మాత్రం పూర్తిగా విను.

మీ నాన్న వచ్చే ఆదివారం ఇక్కడికి వస్తున్నాడు. ఆయన చేత పచ్చళ్ళతో పాటు అన్న నోట్‌బుక్ పంపిస్తున్నాను. ఇవ్వనా అని వాణ్ణి అడిగాను, "చెల్లికి తప్ప ఎవరికిస్తాం" అన్నాడు. సగం పేజీలు ఖాళీగానే ఉన్నాయి. ఆఖరున రాసిన పేజీలో 0-0 అని ఉంటుంది, దాని కింద ఆ రాత్రి ఇంటికొచ్చాక వాడు వేసుకున్న లెక్క: 6, 5, 5. పెన్సిల్ కొంచెం చెరిగింది గానీ కనపడుతుంది. ఆ తర్వాత పేజీ నుంచి నువ్వు మొదలుపెట్టు.

టీకా ఫోటో మర్చిపోకు.

ప్రేమతో,
పెదనాన్న