సైన్యానికి తోడుగా విమానాలు

ప్రశ్న: రెండో ప్రపంచ యుద్ధంలో విమానాలు సైన్యాధికారుల ఆజ్ఞకు లోబడి ఉండేవా?

జవాబు: అమెరికా పద్ధతిలో ఉండేవి కావు. చిన్న దళాలకు పంచితే వైమానిక బలం చెదిరిపోతుందని 1943లో ట్యునీషియా పోరాటం వారికి నేర్పింది. అందుకే 1944లో ఫ్రాన్స్‌లో అమెరికా సేనాని పాటన్ నడిపిన మూడో సైన్యానికి, వైమానిక దళాధికారి వేలండ్ నడిపిన పంతొమ్మిదో టాక్టికల్ ఎయిర్ కమాండ్ (నేల మీది సైన్యానికి దన్నుగా పోరాడే వైమానిక విభాగం) తోడుగా నిలిచినా, విమానాలపై అధికారం వైమానిక దళానిదే. ఉభయులూ సంప్రదించుకొని దాడులను నిర్ణయించేవారు. అమెరికా మొదటి సైన్యానికి తోడుగా ఉన్న తొమ్మిదో టాక్టికల్ ఎయిర్ కమాండ్ అధిపతి కెసాడా చేసిన ఏర్పాటు నా దృష్టిలో అన్నిటికన్నా విలువైనది: ఫ్రాన్స్‌లో జర్మన్ రక్షణ పంక్తిని ఛేదించేందుకు జూలైలో జరిపిన కోబ్రా దాడిలో ఆయన ట్యాంకుల్లో విమానాలతో మాట్లాడగల రేడియోలు అమర్చి, వైమానిక దళ సిబ్బందిని కూర్చోబెట్టగా, పైన వంతులవారీగా తిరిగే థండర్‌బోల్ట్ యుద్ధ విమానాలకు లక్ష్యం నేరుగా తెలిసేది. అదే దాడి ఆరంభంలో, అలాంటి సంబంధం లేని భారీ బాంబర్లు పొరపాటున సొంత సైనికులనే వంద మందికి పైగా బలిగొన్నాయి.