డాలస్‌లో కేబుల్ లేకుండా టెక్సాస్ లాంగ్‌హార్న్స్ ఫుట్‌బాల్ మ్యాచ్‌లు ఎలా చూడాలి?

ముందు టీమ్ ఏ కాన్ఫరెన్స్‌లో (కాలేజీ టీమ్‌ల లీగ్‌లో) ఉందో చూడండి, ప్రసార హక్కులు చాలావరకు దాన్నిబట్టే ఉంటాయి. టెక్సాస్ 2024లో ఎస్ఈసీ (సౌత్‌ఈస్టర్న్ కాన్ఫరెన్స్) లోకి వచ్చేసింది కాబట్టి హోమ్ మ్యాచ్‌లు ఎక్కువగా ఏబీసీ, ఈఎస్‌పీఎన్, ఎస్ఈసీ నెట్‌వర్క్ చానెళ్లలో వస్తాయి, అందులో ఏబీసీ అయితే మామూలు యాంటెన్నా పెట్టుకుంటే ఫ్రీ, నెలనెలా కట్టేదేం లేదు. మిగతావాటికి ఇంటర్నెట్‌లో లైవ్ చానెళ్లు ఇచ్చే యూట్యూబ్ టీవీ లాంటిది సీజన్ వరకు తీసుకుని డిసెంబర్ తర్వాత ఆపేయొచ్చు.

వినడానికైతే వర్సిటీ నెట్‌వర్క్ యాప్ వేసుకోండి, చాలా కాలేజీల రేడియో కామెంటరీ ఫ్రీగా వస్తుంది, కారులో వెళ్తూ వింటుంటే ఆ మజానే వేరు, ఎందుకంటే ఆ కామెంటేటర్లు మన టీమ్ వాళ్లే, టచ్‌డౌన్ పడితే మనతోపాటే అరుస్తారు! టీవీ మ్యూట్‌లో పెట్టి రేడియో వింటే మాత్రం రెండూ కలవవు, ముందున్నదాన్ని కాసేపు పాజ్ చేసి కలుపుకోవాలి.