ఫిన్లాండ్ దగ్గర గొప్ప ఆయుధాలు లేవు, గొప్ప మెకానిక్‌లు ఉన్నారు

"ఫిన్లాండ్ అంత చిన్న దేశం కదా, 1939లో సోవియట్ సైన్యాన్ని ఎలా నిలువరించింది? వాళ్ల దగ్గర అంత మంచి ఆయుధాలు ఉండేవా?" అని అడిగారు.

ఉండేవి కావు. ఈ దేశంలో పద్నాలుగేళ్లుగా ఉంటున్నాను. ఎస్పోలో ఇల్లు, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. సైన్యంతో నాకే సంబంధమూ లేదు. అయితే మా నాన్న దాదాపు ముప్పై ఏళ్లు ఎద్దుమైలారంలో మెదక్ ఆర్డ్‌నెన్స్ ఫ్యాక్టరీలో ఫిట్టర్‌గా చేశాడు. బీఎంపీ-2 అనే యుద్ధ వాహనాన్ని మన సైన్యం 'సారథ్' అని పిలుచుకుంటుంది, అది తయారయ్యేది అక్కడే. నేను పెరిగింది ఆ ఎస్టేట్ క్వార్టర్స్‌లో, నాన్న యూనిఫాం మీది గ్రీజు వాసనలో. అందుకే ఈ ప్రశ్న చూశాక ఊరుకోలేకపోయాను.

యుద్ధం 1939 నవంబరు 30న మొదలైంది. అప్పటికి ఫిన్లాండ్ జనాభా సుమారు 37 లక్షలు. పనికొచ్చే ట్యాంకులంటే ఇంగ్లాండు నుంచి కొన్న వికర్స్ బండ్లు ముప్పై చిల్లర. అవి కూడా ఫిరంగులు లేకుండా ఉత్త బండ్లుగా వచ్చాయి, ఇక్కడే బోఫోర్స్ 37 ఎం.ఎం. ఫిరంగులు బిగించుకోవాల్సి వచ్చింది. యుద్ధం మొదలయ్యేనాటికి ఆ పని పూర్తికానే లేదు. మొదటి ప్రపంచ యుద్ధం నాటి రెనో ట్యాంకులు కొన్ని ఉంటే, కదలలేని వాటిని నేలలో పాతి బంకర్లుగా వాడారు. చాలామంది సైనికులకి యూనిఫాం కూడా లేదు. ఒక బెల్టు, టోపీకి పెట్టుకునే బిళ్ల, ఒక రైఫిలు ఇచ్చి పంపారు. మిగతా బట్టలు ఎవరివి వాళ్లవే. ఆ వేషానికి అప్పటి ప్రధాని పేరు తగిలించి 'కయాందర్ మోడల్' అన్నారు. ఇప్పటికీ ఆ మాట ఇక్కడి పెద్దవాళ్లకి తెలుసు.

ట్యాంకుల్ని ఆపే ఫిరంగులు చాలక మంట సీసాలు వాడారు. సోవియట్ విదేశాంగ మంత్రి మోలొటోవ్ పేరు ఆ సీసాలకి పెట్టింది ఫిన్నులే. వాటిని నింపింది రాయమాకిలో ఉన్న ప్రభుత్వ సారా ఫ్యాక్టరీ. మందు సీసాలు నింపే చోటే వీటినీ నింపి, పక్కన పెద్ద అగ్గిపుల్లలు కట్టి, పెట్టెల్లో సర్ది లక్షల సంఖ్యలో పంపారు. ఉన్న ఫ్యాక్టరీని ఉన్నట్టే యుద్ధానికి మళ్లించడం అంటే అదీ.

ఇక్కడ ఒక ఫిర్యాదు చెప్పుకోవాలి. ఫిన్లాండ్ యుద్ధం మీద తెలుగులో ఏ వీడియో చూసినా సీమో హాయ్‌హా అనే స్నైపర్ ఒక్కడే కనిపిస్తాడు. కొల్లా దగ్గర ఐదొందల మందికి పైగా కాల్చాడు, టెలిస్కోపు వాడలేదు, మంచులో కలిసిపోయాడు. అంతా నిజమే. ఆయన 96 ఏళ్లు బతికి 2002లో పోయాడు. కానీ ఆయన చేతిలో ఉన్న ఎం/28-30 రైఫిలు సంగతి ఎవరూ చెప్పరు. అది రష్యన్ మోసిన్-నాగాంత్. జారు చక్రవర్తుల కాలంలో ఇక్కడ మిగిలిపోయినవీ, తర్వాత అక్కడా ఇక్కడా కొన్నవీ విప్పి, లోపలి రిసీవర్ (తూటా పేల్చే యంత్రాంగం కూర్చునే మధ్య భాగం) అలాగే ఉంచి, కొత్త బ్యారెల్ బిగించి, గురి చూసే సైట్లు మార్చి తయారుచేశారు. ఆ రకం రైఫిళ్లకి ఫిన్లాండ్ ఒక్క రిసీవర్ కూడా కొత్తగా చేయలేదు. షూటర్ మీద వంద వీడియోలుంటే, బ్యారెల్ బిగించినవాడి మీద ఒక్కటీ లేదు. ఇది నాకు నిజంగా బాధ.

కిందటి సంవత్సరం వేసవిలో అమ్మానాన్నలు వచ్చినప్పుడు నాన్నని పరోలా తీసుకెళ్లాను. హామీన్లిన్నా పక్కన ఉంటుంది, మా ఇంటి నుంచి కారులో గంటన్నర లోపే. అక్కడ ట్యాంకుల మ్యూజియం ఉంది. అమ్మ రానంది. మావాడు వెనక సీట్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని కూర్చున్నాడు.

లోపలికి వెళ్లాక నాన్న ఫొటోలు తీయలేదు, బోర్డులు చదవలేదు. ప్రతి బండి దగ్గరా వంగి కింద చూడటమే. చైను, రోలర్లు, బోల్టులు. జర్మన్ స్టుగ్ అనే ఫిరంగి బండి దగ్గర ఆగిపోయాడు. ఫిన్నులు దాన్ని ముద్దుగా 'స్టుర్మి' అంటారు. జర్మనీ దగ్గర మొత్తం 59 కొన్నారు, 1943లో ముప్పై, 1944లో మిగతావి. దాని ముందు భాగంలో, డ్రైవర్ కూర్చునే చోటికి పైన, గరుకుగా బూడిద రంగులో ఏదో పోసి ఉంది. నాన్న దగ్గరికెళ్లి చూశాడు. మా వీధిలో మేస్త్రీలు గోడకి పూసినట్టే ఉంది, వేళ్ల గుర్తులు మాత్రం లేవు.

"ఏందిరా గిది? సిమెంటు పోసిండ్రా దీనికి?"

పక్కన మ్యూజియం మనిషి ఒకాయన నిలబడి ఉన్నాడు. ఎనభై దగ్గర ఉంటాయి, వాలంటీరు. నేను అడిగితే అవును కాంక్రీటే అన్నాడు. ఉక్కు మందం చాలదనిపించిన చోట కాంక్రీటు పోసుకున్నారట, పక్కలకి చెట్ల దుంగలు కట్టుకున్నారట. నేను తెలుగులో చెప్పాను. నాన్న కాసేపు మాట్లాడలేదు. తర్వాత అడిగిన మొదటి ప్రశ్న అందరూ అడిగేది కాదు.

"గంత బరువు పెడితే ముందల రోలర్ల మీద పడతది. టార్షన్ బార్లు ఇరుగుతయి. స్పేర్లు యాడికెల్లి తెచ్చిండ్రో అడుగు."

నేను అడిగాను. టార్షన్ బార్ అంటే కుదుపుని తట్టుకోవడానికి మెలితిరిగే ఉక్కు కడ్డీ. ఆ మాటకి ఫిన్నిష్ నాకు తెలీదు, చేత్తో మెలితిప్పి చూపించాను. ఆయన మొహం వెలిగిపోయింది. ఆయన జీవితమంతా లారీ మెకానిక్‌గా చేశాడట. ఇక నేను అవసరమే లేకుండా పోయింది. ఇద్దరూ బండి పక్కన మోకాళ్ల మీద కూర్చున్నారు. ఒకరు సంగారెడ్డి తెలుగు, ఇంకొకరు హామె యాస ఫిన్నిష్. మధ్యలో వేళ్లు, పిడికిళ్లు, "ఊఁ", "కుల్లా, కుల్లా" (అవును, అవును). ఎవరి భాష ఎవరికీ రాదు, అయినా ఏ బోల్టు ముందు విప్పాలో ఇద్దరికీ తెలుసు. నాన్న తన ఫోన్ తీసి రిటైర్మెంట్ రోజు ఇచ్చిన జ్ఞాపిక ఫొటో చూపించాడు. చెక్క పలక మీద చిన్న ఇత్తడి బీఎంపీ. ఆయన దాన్ని చూడగానే గుర్తుపట్టి, మా దగ్గర ఇంకా వాడుతున్నాం అన్నాడు. అది నిజం. ఫిన్లాండ్ సైన్యంలో బీఎంపీ-2లు ఇప్పటికీ ఉన్నాయి, వాటినీ మార్చుకుంటూ బాగుచేసుకుంటూ నడుపుతున్నారు. మావాడు అప్పటికి ఇయర్‌ఫోన్లు తీసేశాడు.

ఇంకా వాడుతున్నాం అని ఆ పెద్దాయన అన్నాడే, అసలు జవాబు ఆ మాటలోనే ఉంది. 1940 జనవరి మొదట్లో సువొముస్సాల్మి దగ్గర రాతె రోడ్డు మీద సోవియట్ 44వ డివిజన్‌ని ముక్కలు ముక్కలుగా చుట్టుముట్టి కొట్టారు. సోవియట్ బండ్లన్నీ ఒక్క సన్నటి అడవి దారి మీద బారులు తీరి ఉండగా, స్కీల మీద వచ్చినవాళ్లు ఆ బారుని అక్కడక్కడ తెంపేశారు. ఆ ఒక్క చోటే నలభైకి పైగా ట్యాంకులు, డెబ్బై దాకా ఫిరంగులు, లారీలు, వెయ్యికి పైగా గుర్రాలు దొరికాయి. వీడియోలు ఇక్కడితో ఆగిపోతాయి, గెలిచారు, శుభం అంటాయి. ఆ గడ్డకట్టిన, కాలిన ట్యాంకుల్ని తర్వాత ఏం చేశారు? వర్కౌస్ అనే ఊళ్లో ట్యాంకుల రిపేరు కేంద్రం పెట్టారు. దొరికిన బండ్లని అక్కడికి చేర్చి, మూడు విరిగిన వాటి నుంచి ఒక నడిచేది తయారుచేశారు. 1941లో మళ్లీ యుద్ధం వచ్చేసరికి ఫిన్లాండ్ ట్యాంకు దళంలో ఎక్కువ భాగం ఈ సోవియట్ టీ-26లే. 1939లో పేరుకే ఉన్న ట్యాంకు దళం ఇలా తయారైంది. శత్రువు పంపాడు, వర్కౌస్ షెడ్డు దాన్ని నడిపించింది.

వికర్స్ బండ్ల సంగతి ఇంకా నచ్చింది నాకు. వాటి 37 ఎం.ఎం. ఫిరంగులు తీసేసి, సోవియట్ బండ్లలో వచ్చిన 45 ఎం.ఎం. ఫిరంగులు పెట్టేశారు. ఇక రెండు రకాల బండ్లకీ ఒకటే గుండు, ఒకటే సప్లై. ఫిట్టర్ ఆలోచన అంటే ఇదే అన్నాడు నాన్న, ఎన్ని రకాలుంటే అంత చావు. మెషిన్‌గన్ల విషయంలోనూ అంతే. సొంతంగా చేసుకున్న లహ్తి-సలొరాంత చలిలో మొండికేసేది, మేగజైన్‌లో గుళ్లు ఇరవయ్యే. సైనికులు దాన్ని పక్కన పెట్టి, దొరికిన సోవియట్ డెగ్త్యారేవ్ పట్టుకున్నారు. దానికి 'ఎమ్మ' అని ఆడపేరు కూడా పెట్టుకున్నారు.

అన్నీ కుదిరాయని చెప్పను. అదే మ్యూజియంలో బీటీ-42 ఒకటి ఉంది, ప్రపంచంలో మిగిలింది ఆ ఒక్కటే. సోవియట్ బీటీ-7 బండి, దాని మీద ఇక్కడ కట్టిన పెద్ద డబ్బాలాంటి టరెట్ (ఫిరంగి బిగించే, తిరిగే పైభాగం), అందులో ఇంగ్లాండు ఇచ్చిన మొదటి ప్రపంచ యుద్ధం నాటి 114 ఎం.ఎం. హోవిట్జర్ ఫిరంగి. మొత్తం 18 చేశారు. 1944 జూన్‌లో వీపురి నగరం దగ్గర సోవియట్ టీ-34 ట్యాంకుల ముందు అవి ఏమాత్రం నిలవలేదు, సగానికి దగ్గర పోయాయి. నాన్న దాని చుట్టూ రెండుసార్లు తిరిగి, "మీద బరువెక్కువ, లోపల మనిషికి జాగ లేదు, పాపం పిల్లలు" అన్నాడు. లోపల కూర్చున్నవాళ్ల గురించి ఆ రోజంతా ఆయన అన్న మాట అదొక్కటే.

విమానాల దగ్గర కూడా ఇదే కథ. అమెరికా నుంచి 44 బ్రూస్టర్ యుద్ధ విమానాలు వచ్చాయి. పసిఫిక్‌లో అదే రకం విమానాన్ని జపాన్ వాళ్లు చీల్చి చెండాడారు, అమెరికన్ పైలట్లే దాన్ని తిట్టిపోశారు. ఫిన్లాండ్‌లో అది సంవత్సరాల తరబడి ముందు వరుసలో నిలబడింది. యూటిలైనెన్ 94 విమానాలు కూల్చిన పైలట్, అందులో 34 బ్రూస్టర్ మీద ఉండగానే. ఇంజన్ ఆయిల్ గోల పెడుతుంటే, ఇక్కడి మెకానిక్‌లు ప్రతి సిలిండర్‌లో ఒక పిస్టన్ రింగుని తిరగేసి బిగించారని చెబుతారు. ఇది కారులో వచ్చేటప్పుడు నాన్నకి చెప్పాను. ఆయన ఇంటికొచ్చేదాకా అదే మాట్లాడాడు. ఏ రింగు, పైదా కిందిదా, ఎవడికి తట్టింది ముందు.

మన టీవీ చర్చల్లో ఎవరి దగ్గర ఎన్ని విమానాలు, ఎన్ని ట్యాంకులు అని రెండు వైపులా అంకెలు పేర్చి గెలుపోటములు తేల్చేస్తారు. ఆ లెక్కన 1939 డిసెంబరులోనే ఫిన్లాండ్ అయిపోవాలి. స్పేర్లు ఎన్ని ఉన్నాయి, పాడైన బండి ఎన్ని రోజుల్లో లేచి వస్తుంది అని అడిగినవాణ్ణి నేనింతవరకు చూడలేదు. ఫిన్నిష్‌లో 'హుఓల్తో' అనే మాట ఉంది. కారు సర్వీసింగుకీ అదే మాట, సైన్యానికి తిండి, గుళ్లు, స్పేర్లు చేరవేయడానికీ అదే మాట.

నిలువరించడం అంటే గెలవడం అనుకోకండి. 1939లో మొదలైన ఆ శీతాకాల యుద్ధం 105 రోజులు సాగింది, పాతిక వేల మందికి పైగా ఫిన్నులు చనిపోయారు, వీపురి పోయింది, తూర్పున ఉన్న కరేలియా నుంచి నాలుగు లక్షల మందికి పైగా ఇళ్లు వదిలి వచ్చారు. 1944లో తాలి-ఇహంతాల దగ్గర సోవియట్ దాడి ఆగిందంటే జర్మనీ పంపిన భుజం మీద నుంచి కాల్చే, ట్యాంకుల్ని ఛేదించే ఆయుధాల పాత్ర పెద్దది. దానికి రాజకీయంగా చెల్లించిన ధర కూడా పెద్దదే. తర్వాత అదే జర్మన్లని దేశానికి ఉత్తరాన ఉన్న లాప్‌లాండ్ నుంచి తరమాల్సి వచ్చింది. ఇవన్నీ ఇక్కడ స్కూల్లో పిల్లలకి చెబుతారు, మావాడు నాకు చెప్పాడు.

మావాడు ఇక్కడే పెరిగాడు, ఇక్కడి పౌరుడే. ఈ దేశంలో మగపిల్లలకి పద్దెనిమిది నిండే సంవత్సరం సైన్యం నుంచి పిలుపు వస్తుంది. తక్కువలో తక్కువ 165 రోజులు, ఎక్కువైతే 347. వాడికి ఈ సంవత్సరమే ఉత్తరం వచ్చింది. వాళ్లమ్మకి టెన్షన్, నాకూ ఉంది. 2023 ఏప్రిల్‌లో దేశం నాటోలో చేరాక కొంత ధైర్యం వచ్చినా, మ్యాపులో రష్యా సరిహద్దు మాత్రం ఎక్కడికీ పోలేదు, పదమూడు వందల కిలోమీటర్లు.

ఈ సంగతి నాన్నకి ఎలా చెప్పాలా అని రెండు రోజులు ఆగాను. చివరికి ఆదివారం ఫోన్లో చెప్పేశాను. అటువైపు కొంచెంసేపు మాట లేదు.

"ఏ బండి మీద ఏస్తరంట?"

"ఇంకా తెలీదు నాయినా. అంత తొందరగా చెప్పరు."

"బీఎంపీ మీద ఏస్తే నాకు ఫోన్ జెయ్యమను. చైను టెన్షన్ ఎట్ల సూడాల్నో చెప్త. బుక్కుల రాసింది ఒకటుంటది, చలికి అయ్యేది ఇంకొకటుంటది."