‘మాలపల్లి’ మీద పరిశోధన చేస్తే బతుకుతెరువు ఉంటుందా?

ప్రశ్న: మా అమ్మాయి ఎంఏ ఇంగ్లిష్ పూర్తిచేసింది. ఉన్నవ లక్ష్మీనారాయణ ‘మాలపల్లి’ నవల తీసుకుని, బ్రిటిష్ పాలనలో తెలుగు నవల, జాతీయోద్యమం మీద పీహెచ్‌డీ చేస్తానంటోంది. బంధువులేమో ఇల్లు తాకట్టు పెట్టి అప్పు చేసైనా లండన్‌లో ఏడాది ఎంఏకి పంపమంటున్నారు. ఏది మేలు? – ఒక తండ్రి

జవాబు: ఏది మేలని అడిగారు గానీ, ఈ చదువుతో అమ్మాయి నిలదొక్కుకుంటుందా అన్నదే మీ దిగులు. నిలదొక్కుకుంటుందండి. యూజీసీ నెట్ పరీక్ష రాసి జేఆర్‌ఎఫ్ (పరిశోధనకు ఇచ్చే ఫెలోషిప్) తెచ్చుకుంటే మొదటి రెండేళ్లు నెలకు 37 వేలు, తర్వాత 42 వేలు, ఇంటి అద్దె భత్యం అదనం. వయోపరిమితి 30 ఏళ్లే అయినా మహిళలకు అయిదేళ్ల సడలింపు ఉంది, ఒకసారి తప్పితే కొంప మునగదు. అసిస్టెంట్ ప్రొఫెసర్ మూలవేతనం 57,700. పోస్టుల భర్తీ ఏళ్లతరబడి ఆగే మాటా నిజమే. అందుకే అనువాదం, ఎడిటింగ్ కూడా చేతిలో ఉంచుకోమనండి.

లండన్ మీద నాకు గట్టి అనుమానాలే ఉన్నాయి. ఏడాది కోర్సులో సొంత పరిశోధనకు మిగిలేది ఒక్క వేసవి. బ్రిటిష్ లైబ్రరీలో ఇండియా ఆఫీస్ రికార్డులు, అంటే బ్రిటిష్ వాళ్ల భారత పాలన కాగితాలు ఉన్నాయి, కాదనను. కానీ ఏం వెతకాలో తెలియకుండా వెళితే అవి అక్కరకు రావు. ఉన్నవ ‘మాలపల్లి’ 1922లో వచ్చింది, నిషేధించింది మద్రాసు ప్రభుత్వం. ఆ ప్రభుత్వ కాగితాలు చెన్నై ఎగ్మూరులోని ఆర్కైవ్స్‌లో (పాత ప్రభుత్వ కాగితాలు దాచే చోటు) ఉన్నాయి. శాఖ, సంవత్సరం వారీగా ఇండెక్స్ చూసి, జీవో నంబరు, తేదీ రాసుకుని అడగాలి. నంబరు లేకపోతే రోజంతా వృథా. రెవెన్యూ కాగితాల్లో ఫసలీ (శిస్తు లెక్కల సంవత్సరం) 1332 అని కనబడితే 590 కలపాలి: 1922 జూలైలో మొదలైన ఏడాది అన్నమాట.

ఎక్కువమంది బోల్తా పడేది పత్రికల దగ్గర. దేశభాషా పత్రికల మీద ప్రభుత్వం వారంవారం తయారుచేయించిన ఇంగ్లిష్ సారాంశాలు చదివి, అదే తెలుగు పత్రిక గొంతని రాసేస్తారు. సర్కారును కలవరపెట్టిన ముక్కలే అందులోకి ఎక్కాయి. అనువాదకుడు వదిలేసినది కావాలంటే అసలు సంచిక చూడాల్సిందే. దానికి వేటపాలెం సారస్వత నికేతనం లాంటి పాత గ్రంథాలయాలకు వెళ్లాలి. అక్కడ గ్రాంథికం తడుముకోకుండా చదవగలగాలి.

కోప్పడుతున్నాననుకోకండి. అప్పు గురించి అంత రాశారు, అమ్మాయి పాత తెలుగు చదవగలదా అని ఒక్క మాటైనా రాయలేదు. బంధువుల దగ్గర గొప్ప కోసం ఇల్లు తాకట్టు పెడతారా? ముందు చదివిన కాలేజీ నుంచి పరిచయలేఖ ఇప్పించి, పదిరోజులు చెన్నై పంపండి. నాలుగు జీవోలు చదివొచ్చి, వాటి ఆధారంగా రెండు పేజీల ప్రతిపాదన రాయమనండి. గైడు దగ్గరికి అది పట్టుకుని వెళ్లమనండి.